సకినాల గుడ్డ చుట్టూ ఎవరెక్కడ కూసుంటరో చూడండి

అడిగిన ప్రశ్న: "పెళ్ళయి ఏడు నెలలైంది. నేను పుట్టి పెరిగింది హైదరాబాద్ ఫ్లాట్‌లో. అమ్మ, నాన్న, నేను ముగ్గురమే. అత్తగారిల్లు పరకాల దగ్గర, మూడు తరాల వాళ్ళు కలిపి పదకొండు మంది. సంక్రాంతికి పది రోజులు అక్కడే ఉండాలి. అంతమంది ఉన్న ఇంట్లో పనులు ఎవరు పంచుతారు? నేను ఏం చేస్తే బాగుంటుంది?"

ఎవరూ పంచరు. అడిగితే "నువ్వు కూసో బిడ్డా, మేం చేసుకుంటం" అంటరు. నిజంగనే కూసుంటే మాపటికల్లా "పట్నం పిల్ల కదా, ఏం తెలుస్తది" అంటరు. అందుకే అడగొద్దు. సంక్రాంతి ముందట సకినాలు చేసే దినం ఒకటొస్తది, అంటే తడి బియ్యప్పిండిని గుడ్డ మీద చుట్లు చుట్లుగ చుట్టి నూనెల ఏంచే దినం. ఆ ఒక్క దినం కండ్లు తెరుచుకొని చూస్తే ఎవరి మాట ఎందాక చెల్లుతదో, ఎవరికి ఎవరి మీద కోపముందో అంతా సమజైతది. ఉమ్మడి కుటుంబం ప్రేమ మీద నడుస్తదని సీరియళ్ళల్ల చూపిస్తరు గానీ, వరంగల్ దిక్కు అది తడిపిండి మీద నడుస్తది. ఎవరేమన్నా నా లెక్క ఇదే.

మొదలు తారీఖు సంగతి. మూకుడు పని, అంటే నూనెల ఏంచుడు, భోగికి మూడు నాలుగు దినాల ముందే దిగిపోవాలె. భోగి వచ్చిందంటే మగోళ్ళు ఇంట్ల ఆగరు. ఐనవోలు మల్లన్న జాతర అప్పుడే మొదలైతది, భీమదేవరపల్లి దిక్కోళ్ళకు కొత్తకొండ వీరభద్రుని జాతర ఉంటది. ఎవరో ఒకరు బోనం మొక్కుకొనే ఉంటరు. బండి ఎక్కే యాళ్ళకు పొయ్యి మీద నూనె కాగుతుంటే ఆ ఇంట్ల లొల్లే. తారీఖు పెట్టేది ఇంటి పెద్దామె. పైకి "మంచి దినం చూసి" అంటది గానీ ఆమె చూసేది చేతులు. ఆ దినం ఎంతమంది ఆడోళ్ళు ఇంట్ల ఉంటరు, ఎవరికి డ్యూటీ, ఎవరికి ముట్టు. ముట్టయితే పిండి ముట్టనియ్యని ఇండ్లు ఇప్పటికీ ఉన్నయి. ఈ పద్ధతి నాకు నచ్చదు. పిండి ముట్టొద్దన్న మనిషి తోనే గిన్నెలన్నీ తోమిస్తరు మళ్ళ.

తర్వాత ఎన్ని కిలోలు పొయ్యాలన్న లెక్క. ఇక్కడ మంచిగ చెవులు పెట్టి వినండి, ఎందుకంటే ఆ ఇంటి చుట్టరికాలన్నీ ఈ లెక్కల ఉంటయి. మూడు నాలుగు చుట్ల సకినమైతే కిలో బియ్యానికి దగ్గర దగ్గర 50 వస్తయి. ఎనిమిది కిలోలు పోస్తే 400. అందుల ఇద్దరు ఆడిబిడ్డలకు 60 చొప్పున 120. మీ అమ్మగారింటికి 60. వాడకట్టుల పన్నెండు ఇండ్లకు ఐదేసి చొప్పున 60. ఆ యేడు ఎవరన్నా పోయి పండుగ చేసుకోని ఇల్లు చుట్టాలల్ల ఉంటే వాళ్ళకు 30. ఆ ఇంట్ల మూకుడు పెట్టరు గదా, పిల్లల నోట్లకన్నా పోవాలె. మిగిలినయి 130. పదకొండు మందికి పంచితే తలా పన్నెండు కూడ రావు. "ఇన్ని చేస్తిరి, మాకేవి" అని పిల్లలు అడిగేది అందుకే. పెద్దామె ఈ లెక్క కాయితం మీద రాయదు, నోటి మీదనే ఉంటది. పెద్దకోడలు ఫోన్ల రాసుకుంటే జర గుర్రుమంటది కూడ.

బియ్యం వానాకాలం పంటవి, కొత్తగ పట్టించినయి అయితే పిండికి జిగట ఉంటది, చుట్టు తెగదు. పాతబడ్డ బియ్యం అన్నానికి పెట్టుకోండి. ఇన్నేండ్లు రేషన్ దొడ్డు బియ్యం పిండివంటలకని పక్కకు పెట్టేది. 2025 ఏప్రిల్ నుంచి రేషన్ల సన్నబియ్యమే ఇస్తున్నరు. కడుపుకు మంచిగైంది గానీ, పండుగకు దొడ్డు బియ్యం పైసలు పెట్టి కొనాల్సొస్తుందని ముసలోళ్ళు గునుగుతున్నరు. సన్నబియ్యం తోని కూడ సకినాలైతయి, నానబెట్టుడు తగ్గించాలె అంతే. దొడ్డువి రాత్రంతా నానాలె, సన్నయి ఐదారు గంటలకే నానుతయి. రెండు మూడు నీళ్ళల్ల కడిగి, జల్లిబుట్టల ఒడగట్టి, నీడకు గుడ్డ మీద అరగంట ఆరబోయాలె. ఎండకు పొయ్యొద్దు. గింజను గోరుతోని నొక్కితే పుటుక్కున ఇరగాలె, చేతికి మాత్రం నీళ్ళు అంటొద్దు. అప్పుడు గిర్నికి, అంటే పిండి మరకు పోవాలె.

గిర్నికి పోయేది మనుమడో, చిన్నకొడుకో. ఇది చిన్న పని కాదు. తడి బియ్యం రాళ్ళకు పట్టుకుంటదని గిర్నోళ్ళు దానికి వేరే టైం పెడతరు, పండుగ ముందట లైను వీధి దాక ఉంటది. ముందటోళ్ళు జొన్నలు పట్టించి ఉంటే మొదలు వచ్చే అద్దకిలో పిండిని వేరే సంచిల పట్టాలె, అది రొట్టెకు పనికొస్తది. పిండిని బండి మీద ఎండల పెట్టి ఛాయ్ తాగడానికి పోయిండనుకోండి, ఇంటికొచ్చే వరకు సంచి పైన పొడిబారుతది. అట్లాంటి పిండి తోని చుట్టితే చుట్టు చుట్టుకూ పగుళ్ళే. తప్పు వానిది, మాటలు పడేది పిండి కలిపినామె. సగం ఇండ్లల్ల సకినాలు చెడిపోయేది గిర్ని దగ్గర్నే, పొయ్యి దగ్గర కాదు.

పిండి మంచిగుందో లేదో చూసుడు చాలా అల్క. పిడికిట్ల పట్టి ఒత్తితే ముద్ద నిలవాలె, బొటనవేలు తోని నొక్కితే ఇరిగిపోవాలె. సన్నజల్లెడ పట్టాలె. రవ్వ ఒక్కటి మిగిలినా చుట్టేటప్పుడు అక్కడ్నే తెగుతది. జల్లెడ మీద మిగిలిన రవ్వపిండి పారేయరు. పల్లీలు, నానిన శనగపప్పు, పచ్చిమిర్చి, కల్యామాకు వేసి మాపటికి సర్వపిండి చేస్తరు. దినమంతా నూనె వాసనకు అన్నం సయించని ఆడోళ్ళకు ఆ రాత్రి అదే తిండి.

ఇగ కొలతలు. కిలో బియ్యం పిండికి నువ్వులు 150 నుంచి 200 గ్రాములు, వాము 20 గ్రాముల పైన, ఉప్పు 20 నుంచి 25 గ్రాములు. నువ్వులు వేయించొద్దు, నూనెల ఎట్లాగూ వేగుతయి. ముందే వేయిస్తే చేదెక్కుతయి. రాయీ రప్పా ఏరి, కడిగి ఆరబెట్టాలె. ఈ ఏరుడు తాత పని, లేకుంటే బడిపిల్లల పని. వామును రెండు అరచేతుల మధ్యల నలిపి వెయ్యాలె. నీళ్ళు ఒక్కసారే గుమ్మరించొద్దు. కిలోకు పావు లీటరు పోసి, ఆ పైన కొద్దికొద్దిగ. సకినం పిండి మురుకుల పిండి కంటే మెత్తగుండాలె, కానీ అరచేతిల పెట్టుకుంటే కారొద్దు. ఎనిమిది కిలోలు ఒక్కతీరుగ కలిపి పెట్టొద్దు. రెండేసి కిలోలు కలుపుకుంట పోవాలె, మిగతా కలపని పిండి మీద తడిగుడ్డ కప్పి ఉంచాలె. పొద్దుగాల కలిపింది మధ్యాహ్నం దాక ఉంటే పైపైన ఎండిపోతది. మళ్ళ నీళ్ళు పోస్తే ఒక్కదగ్గర జారు, ఒక్కదగ్గర గట్టి.

ఉప్పు ఎవరు వేస్తరో చూడండి. ఇంట్ల నలుగురు ఆడోళ్ళున్నా ఉప్పు వేసే చెయ్యి ఒక్కటే ఉంటది. రెండో చెయ్యి పడితే కయ్యమే. పచ్చిపిండి నాలిక మీద పెట్టుకొని చూసుడు గూడ ఆమెదే. పిండిల ఉప్పు జర తక్కువనిపించాలె, ఎందుకంటే నూనెల నీరు పోయినంక ఉప్పు తేలుతది. ఈ మర్మం తెలిసినామె ఎవ్వరికీ చెప్పదు. యాభై యేండ్లు గుప్పిట్ల పెట్టుకొని, ఒకనాడు మంచం పట్టినంక "ఎంత ఏసేదానివే అవ్వా" అని కోడండ్లు అడిగితే "చేతికి తెలుస్తది" అంటది. ఎనిమిది కిలోలకు 160 నుంచి 200 గ్రాములు అని బతికుండంగ ఒక్క ముక్క చెప్తే ఏం పోతది? ముసలోళ్ళ మీద నాకున్న ఫిర్యాదు ఇదొక్కటే.

గుడ్డ విషయంల చాలామంది చేసే తప్పు పాత చీర పరుచుడు. ఇప్పటి పాత చీరలన్నీ పాలిస్టరే, నీళ్ళు పీల్చయి. సకినం కింద తడి అట్లనే నిలుస్తది, లేపబోతే అంటుకొని తెగుతది. కొత్త నూలుగుడ్డకు గంజి ఉంటది, అది కూడ పీల్చదు. పదిసార్లు ఉతికిన తాతల నాటి తెల్ల ధోతి లాంటిది ఇంకోటి లేదు. చాప మీద దుప్పటి మడత, దాని మీద ఈ ధోతి, ముడత లేకుండ. ఫ్యాను కింద పరవొద్దు, పైన ఎండి కింద పచ్చిగుంటది.

కూసునే తీరు ఇట్లుంటది. పిండి గంజు పక్కన పెద్దామె. ఆమెకు కుడి పక్కన చెయ్యి తిరిగిన పెద్దకోడలు, ఆ తర్వాత యారాండ్లు (తోటికోడండ్లు), గుడ్డ చివర్ల కొత్తకోడలు. ఆడిబిడ్డ పుట్టింటికి వచ్చి ఉంటే ఆమె ఎక్కడైనా కూసుంటది, ఎప్పుడైనా లేస్తది, ఆమెకు లెక్కలేదు. తాత గడపల కుర్చీ వేసుకొని కట్టె పట్టుకొని కూసుంటడు. కోళ్ళు రాకుండ, పిల్లలు ధోతి తొక్కకుండ. ఊరికే కూసున్నడనుకోవద్దు. కోడి ఒక్కసారి ఆ గుడ్డ మీద నడిచిందంటే ముప్పై సకినాలు పోయినట్టే. పిల్లలకు ఎండిన వాటిని పొయ్యి దగ్గరికి అందించే పని. మగోళ్ళకు పెద్ద పొయ్యి, సిలిండరు, మూకుడు మొయ్యుడు. పిండి మాత్రం ముట్టరు. మిల్లుకు పది బస్తాలు మోసెటోళ్ళకు ముద్ద పిండి చుట్టుడు రాదట, నేను నమ్మను.

చుట్టుడు ఇట్ల. నిమ్మకాయంత ముద్ద అరచేతిల పెట్టుకొని, బొటనవేలికీ పక్క రెండు వేళ్ళకూ మధ్యల నుంచి మెల్లగ నలుపుకుంట దారం లెక్క వదలాలె. నలిపినకొద్దీ పిండి మెలి తిరుగుతది, ఆ మెలికలు కనిపిస్తేనే సకినం. నున్నగ వస్తే నలిపినట్టు కాదు, జార్చినట్టు. నడుమ చిన్న సున్న చుట్టి, దాన్ని ఆనుకొని రెండో చుట్టు, మూడోది. చుట్టుకూ చుట్టుకూ సందు ఉండొద్దు, లేపేటప్పుడు విడిపోతది. మీద మీద కూడ ఎక్కొద్దు. ఎక్కిన కాడ మందమై, పైన గట్టిపడినంక లోపలి తడి ఆవిరై టప్పున పేలుతది. నూనె మొఖం మీద చిల్లేది ఇట్లాంటి అతుకుల కాడనే. చెయ్యి తిరిగినామె నిమిషానికొకటి చుడుతది, మీకు మూడు నాలుగు నిమిషాలు పడతది. సిగ్గుపడొద్దు. గుండ్రటియి బయటికి పోతయి, వంకరయి ఇంటోళ్ళు తింటరు. అంటే మీ చేతియి మీ మామకు, మరుదులకు. పన్నెండు కూడ రాని ఇంట్ల మీరు వంకరగ చుట్టిన ప్రతి ఒక్కటీ ఇంటి వాటా పెంచినట్టే. ఈ మాట పైకి అనకండి.

చుట్టినంక ముప్పావు గంట, మబ్బు పట్టి ఉంటే గంట ఆరాలె. అంచు మీద వేలు పెడితే అంటొద్దు, నడుమ మెత్తగుండాలె. ఎక్కువ ఆరితే ఏగినంక పంటికి రాయి. తక్కువ ఆరితే లేపంగనే ముక్కలు, పైగ నూనె తాగుడు. లేపేటప్పుడు ధోతి అంచు పైకెత్తి, సకినాన్ని పల్చటి రేకు మీదికో అట్ట మీదికో జారనియ్యాలె. వేళ్ళతోని పీకొద్దు.

మూకుట్ల పల్లినూనె సగానికి మించొద్దు. పచ్చి సకినం పడంగనే నురగ పైకి లేస్తది. నూనె మంచిగ కాగినంక చిన్న పిండి ముక్క వేస్తే అడుగుకు పోయి వెంటనే తేలాలె, అప్పుడు మంట నడిమధ్యకు తేవాలె. మూకుడుకు ఆరు నుంచి ఎనిమిది. ఎక్కువ వేస్తే నూనె చల్లబడి సకినాలు నూనె తాగుతయి. ఒక వాయికి ఐదారు నిమిషాలు. 400 సకినాలకు యాభై వాయిలు, అంటే ఒక్క మూకుడైతే ఐదు గంటలు. రెండు మూకుళ్ళు పెట్టేది అందుకే. బుడగలు తగ్గి, చప్పుడు సన్నబడ్డదంటే నీరు పోయింది. రంగు ఎర్రగ కావాలని చూడొద్దు, మీగడ రంగు మీద జర బంగారు అంచు వస్తే తియ్యాలె. ఇనుప చువ్వ నడుమ సున్నల పెట్టి ఎత్తి, అంచుకు ఆనించి నూనె కారినంక గంపల వెయ్యాలె. వేడి మీద డబ్బాల పెట్టి మూత పెడితే మూతకు చెమట పట్టి తెల్లారికి మెత్తబడతయి. పూర్తిగ చల్లారాలె.

మొదటి వాయిలనే కొన్ని సగం ఏగంగనే తీస్తరు. నడుమ మెత్తగ, అంచు కరకర. పచ్చిమిర్చి కారం అద్దుకొని అక్కడ్నే తినాలె. ఆ సగం ఏగినయి డబ్బాల పెట్టే రకం కాదు, బజార్ల దొరకవు. స్వగృహ దుకాణాల సకినాలు బిస్కెట్ల లెక్క పిండిగ ఇరుగుతయి. వాటికి కిలో రేటు పెట్టి "తెలంగాణ స్పెషల్" అని బోర్డు రాసుడు చూస్తే కడుపు మండుతది. పెండ్లి సారెకు గంపల కొద్దీ పెట్టాల్సొస్తే ఎవరైనా చేయించుకుంటరు, దానికి నేనేం అనను. పండుగకు గూడ కొనుక్కొచ్చుకునే ఇంట్ల మూడు తరాలు ఉన్నా ఎవరికెవరితోని పని?

మేడారం జాతర యేడైతే ఇంకో లెక్క ఉంటది. 2026ల జాతర జనవరి 28 నుంచి 31 దాక, అంటే సంక్రాంతి అయినంక దగ్గర దగ్గర రెండు వారాలకు. బండి కట్టుకొని పోయేటోళ్ళకు వేరే డబ్బా కట్టి పెట్టాలె. ఆ డబ్బాలకు జర ఎక్కువ ఆరినయి, ఇంకో నిమిషం ఎక్కువ ఏగినయి ఏరి పెడతరు. గట్టిగున్నా నిలువుంటయి.

ఇగ గొడవ వచ్చేది ఎక్కడంటే, చేసుడు దగ్గర కాదు, పంచుడు దగ్గర. పెద్ద ఆడిబిడ్డకు 60, చిన్నామెకు 55 పోయినయనుకోండి, ఆ ఐదు సకినాలు మూడేండ్లకు ఒడిబియ్యం పోసుకునే దినం గూడ మాటల్ల వస్తయి. విరిగినయి ఎవరి డబ్బాల పడ్డయన్నది ఇంకో పంచాయితీ. అందుకే డబ్బాలు నింపేటప్పుడు మీరు అక్కడ ఉండకండి. మీ అమ్మగారింటికి ఎన్ని పోతున్నయో లెక్కపెడుతున్నట్టు కనిపించొద్దు. వాడకట్టుకు పంచిపెట్టే పని అడిగి తీసుకోండి. పన్నెండు ఇండ్లకు తట్ట పట్టుకొని పోతే పన్నెండు ఇండ్లోళ్ళు మిమ్మల్ని చూస్తరు, వాళ్ళ తట్టలు మన ఇంటికొస్తయి, ఎవరింట్ల ఉప్పు ఎక్కువైందో అందరికీ తెలుస్తది. మీ అత్తకు ఆ ఖబరు తెచ్చి చెప్పిన కోడలంటే మక్కువ.

మీరు ఏం చెయ్యాలంటరా? పొద్దుగాల నువ్వులు ఏరుడు నుంచి మొదలుపెట్టండి, తాత పక్కన కూసొని. గుడ్డ చివర్ల చోటు దొరికినంక పది వంకరయి చుట్టండి. ఉప్పు గురించి నోరెత్తొద్దు. మాపటికి అందరూ నడుములు పట్టుకొని కూసున్నప్పుడు ఆ ధోతి ఎవ్వరికీ యాదికుండదు. అది మీరు తీసుకోండి. మొదలు ఎండిన పిండి పొలుసులు బయట దులపాలె. తర్వాత చల్లటి నీళ్ళల్ల గంటసేపు నానెయ్యాలె. వేడినీళ్ళు పోస్తే బియ్యప్పిండి ఉడికి జిగురై పోగుపోగుకూ పట్టుకుంటది, మళ్ళీ యేడు ఆ గుడ్డ నీళ్ళు పీల్చదు. గంజి పెట్టొద్దు, బండకేసి బాదొద్దు. చేతులతోనే పిసికి, నీడకు ఆరేసి, మడతపెట్టి పెద్దామె పెట్టెల పెట్టండి.